పుట్టబోవువారి సమ్మతి



మన గ్రంథాలయమున ఆదిపర్వము చదివినవారు యయాతి కథ నెరుగుదురు. తన ముదిమిని గైకొని యౌవనమిమ్మని ఆయన కుమారుల నడిగెను. నలువురు కాదనిరి, శాపమునకు లోనైరి, పూరుడొక్కడే యొప్పుకొనెను. ఎంత స్వార్థపరుడైనను ఆ తండ్రి అడిగెను గదా!

2018 నవంబరులో హే జియన్‌క్వీ యను చైనా శాస్త్రజ్ఞుడు, పిండదశలోనే తాను జన్యువును సవరించిన ఆడుకవలలు పుట్టిరని ప్రకటించెను. జన్యువనగా తలిదండ్రుల లక్షణములను బిడ్డలకు చేర్చు సూక్ష్మాంశము. ఆ తండ్రికి హెచ్.ఐ.వి. సోకియుండెను, అది బిడ్డల కెన్నడును అంటకుండుటకే యీ సవరణ యని ఆయన వాదము. అయితే తండ్రివలన బిడ్డకు సోకకుండ వీర్యమును శుద్ధిపరచు విధానము అంతకుముందే కలదు! 2019 డిసెంబరులో అచ్చటి న్యాయస్థానము ఆయనకు మూడేండ్ల కారాగారశిక్ష విధించెను.

ఈ విద్యయే చెడ్డదని నేననను. 2023లో బ్రిటను ఇట్టి సవరణనే సికిల్ సెల్ రక్తవ్యాధికి చికిత్సగా అనుమతించెను. మన మన్యప్రాంతములందును ఆ వ్యాధి కలదు. రోగి రక్తమునకు మూలమైన కణములను వెలికిదీసి, సవరించి, మరల నెక్కింతురు. అతడు విని ఒప్పుకొనవచ్చును, మానవచ్చును. మార్పు అతనితోనే ముగియును. పిండమున చేసినదో, తరతరములకు దిగగలదు.

లెక్కలు వ్రాయువాడను గనుక నాకు భూమియే తోచును. 1956 నాటి హిందూ మైనారిటీ చట్టమును బట్టి, మైనరు స్వంతపొలమును కన్నతండ్రియైనను కోర్టు అనుమతి లేక అమ్మరాదు. అరయెకరమునకే ఇంత కట్టడి యుండగా, పుట్టనివాని దేహమునకు తండ్రి చేవ్రాలు చాలునా?

దంపతులిరువురును సికిల్ సెల్ రోగులైనచో బిడ్డలందరును రోగులే యగుదురు. వారికి ద్వారము మూయుడని నేననను. నిరపాయమని తేలువరకు ఆగుడందును. ఆ తల్లి మొగము చూచి ఆ మాట చెప్పుట నాకును కష్టమే.