ఏకచక్రపురం దారిలో కథలు
(స్మారకోపన్యాసం)



ఎవరి జ్ఞాపకార్థం ఈ సభ జరుగుతున్నదో ఆ మాస్టారు బతికినంతకాలం భారతం చదివారు, పదిమందికి చదివి వినిపించారు. ఆయనకు ఇష్టమైన ఉపాఖ్యానాల గురించే ఈరోజు మాట్లాడతాను. కథలో కథ వస్తే అసలు కథకు అడ్డమని చాలామంది అనుకుంటారు. పిల్లల పుస్తకాల్లో, టీవీ సీరియళ్లలో ముందు కత్తెర పడేది వాటికే. భారతం ప్రాణం మాత్రం వాటిలోనే ఉందని నా నమ్మకం.

అలాంటి కథల వరస ఒకటి మన చిక్కబళ్లాపురం జిల్లాలోని కైవారం దగ్గర మొదలవుతుంది. కైవారం అనగానే తెలుగులోనూ కన్నడంలోనూ తత్వం చెప్పిన నారేయణ తాతయ్య మనకు గుర్తొస్తారు. ఆ ఊరికి అంతకన్నా పాత పేరొకటి చెప్తారు. అదే ఏకచక్రపురమనీ, భీముడు బకాసురుణ్ణి చంపింది అక్కడేననీ మనవాళ్ల నమ్మకం. బెంగాల్‌లో బీర్‌భూమ్ వాళ్లు, బీహార్‌లో ఆరా వాళ్లు కూడా ఏకచక్రపురం తమదే అంటారు. అననివ్వండి. కథను సొంతం చేసుకోవడం తప్పేమీ కాదు.

బకవధ అయ్యాక పాండవులు తలదాచుకున్న బ్రాహ్మణుడి ఇంటికి ఒక అతిథి వచ్చాడు. ద్రౌపది పుట్టుక, స్వయంవరం సంగతి చెప్పాడు. అది విని వాళ్లు పాంచాలానికి బయలుదేరారు. దారిలో రాత్రివేళ గంగ ఒడ్డున అంగారపర్ణుడనే గంధర్వుడు అడ్డగించి, అర్జునుడి చేతిలో ఓడిపోయాడు. భార్య వచ్చి ధర్మరాజును శరణు వేడితే, అన్న మాట మీద అర్జునుడు వాణ్ణి విడిచిపెట్టాడు.

అలా ప్రాణం దక్కినవాడే కథకుడయ్యాడు. అర్జునుణ్ణి ‘తాపత్యా’ అని పిలిచాడు. నేను కుంతి కొడుకుని కదా, తాపత్యుణ్ణెలా అయ్యానని అర్జునుడు అడిగాడు. ఆ ఒక్క ప్రశ్నకు అతని పూర్వీకులైన తపతీ సంవరణుల కథ వచ్చింది. అందులో వసిష్ఠుడు వచ్చాడు. ఆయనెవరని అడిగితే ఆయన కథ. ఆయన కొడుకు శక్తిని రాక్షసుడై తిరుగుతున్న కల్మాషపాదుడనే రాజు తినేశాడు. శక్తి కొడుకు పరాశరుడు ఆ సంగతి తెలిసి లోకాలన్నిటినీ నాశనం చేస్తానని లేచాడు. మనవణ్ణి శాంతింపజేయడానికి తాత మరో కథ ఎత్తుకున్నాడు. తన వంశం వాళ్లను చంపారన్న కోపంతో ఔర్వుడనే ముని కూడా లోకాలను కాల్చబోయాడు. అప్పుడు పితృదేవతలు వచ్చి, తమ చావు వెనకున్న సంగతి చెప్పి, ఆపమన్నారు. అతను ఆ కోపాగ్నిని సముద్రంలో విడిచాడు. అదే బడబాగ్ని.

ఇప్పుడు వెనక్కి లెక్కపెట్టండి. ఔర్వుడికి పితృదేవతలు చెప్పినది పరాశరుడికి వసిష్ఠుడు చెప్పాడు. అదంతా అర్జునుడికి గంధర్వుడు చెప్పాడు. దాన్ని జనమేజయుడికి వైశంపాయనుడు, శౌనకాది మునులకు ఉగ్రశ్రవసుడు చెప్పారు. ఒకదానిలో ఒకటిగా ఐదు చెప్పడాలు!

ఇది మాటల గారడీ కాదు. దాదాపు ప్రతి అంచెలోనూ ఒక కోపం ఉంది, దాన్ని ఆపే మాట ఒకటి ఉంది. తాత మాట విని లోకాలను వదిలిన పరాశరుడు రాక్షసుల మీద సత్రయాగం మొదలుపెడితే పులస్త్యుడు వచ్చి మాన్పించాడు. తండ్రిని పాము కరిచి చంపిందని జనమేజయుడు సర్పయాగం చేస్తే ఆస్తీకుడు వచ్చి ఆపాడు. ఆ యాగం వేళ వైశంపాయనుడి నోట పరాశరుడి కథ వింటున్న రాజు తన కథే వింటున్నాడు. పైగా ఆ పరాశరుడి కొడుకే వ్యాసుడు. ఆయనా ఆ యాగసభలోనే ఉన్నాడు. లోపలి కథల్లోని మనిషి, మొత్తం కథ కూర్చినవాడికి తండ్రి! అరేబియా కథల్లో షహ్రాజాద్ తన మెడమీది కత్తిని ఆపడానికి రాత్రికో కథ చెప్పింది. మన భారతం లోకాల మీదికి లేచిన చేతులను ఆపడానికి చెప్పింది.

బాగేపల్లి దగ్గర గడిదంలో వేంకటరమణస్వామిని జనమేజయుడే ప్రతిష్ఠించాడని స్థలపురాణం. కథలో ఉన్న ఊరూ, కథ విన్న రాజు గుడీ ఒక్క జిల్లాలోనే మనకు దొరికాయి.

రాష్ట్ర సరిహద్దు దాటి చిత్తూరు సీమలోకి వెళ్తే, భారతం ఉత్సవాల్లో పగలు హరికథ, రాత్రి వీధినాటకం నడుస్తాయి. బకాసుర వధ రోజున భీముడి వేషగాడు బండెక్కి వీధులన్నీ తిరుగుతాడు. ఇంటింటి నుంచీ తినుబండారాలు తెచ్చి బండిలో పెడతారు. అతను నాలుగు ముద్దలు తిని, పండ్లు జనంలోకి విసురుతాడు. అన్నం పెట్టిన ఆడవాళ్లు ఆ పూటకు ఏకచక్రపురం వాళ్లే. ఆరో అంచె అక్కడ మొదలవుతుంది. ఆ అంచెలో ఉన్నది మనమే.

మన పిల్లలు ఇంట్లో తెలుగు మాట్లాడి, బడిలో కన్నడం చదువుతారు. నన్నయ భారతమూ కుమారవ్యాస భారతమూ రెండూ వాళ్ల సొత్తే. గుడిలో పురాణం చెప్పే పెద్దలకు, బడిలో పాఠం చెప్పే టీచర్లకు నాదొక్కటే విన్నపం. ఉపాఖ్యానాలను దాటవేయకండి. పిల్లవాడు మధ్యలో ఆపి ‘ఆయనెవరు? ఎందుకలా చేశాడు?’ అని అడిగితే విసుక్కోకండి. అర్జునుడు అడిగిందీ అదే. జవాబు చెప్పండి, ఎంత పొద్దుపోయినా సరే. పగ పట్టినవాణ్ణి కూర్చోబెట్టి ఇంకొంచెంసేపు వినేలా చేయగల విద్య మన దగ్గర ఉంది. దాన్ని మన చేతులతో మనమే కుదించుకోకూడదు.