పెన్సిలులోని నలుపు



పెన్సిలు నడుమనున్న నల్లని కడ్డీని లోకమున చిరకాలముగా సీసమనియే పిలుచుచున్నారు. అందు సీసము రవ్వంతయు లేదు. దీపపు మసి ఏ జాతిదో అదియు ఆ జాతిదే. హైదరాబాదు పాతబస్తీలోని ఛత్తాబజారు కాతిబులు, అనగా ఉర్దూ లేఖకులు, ఆ మసితోడనే తరతరములుగా అక్షరములు దిద్దిరి.

కాతిబు కలము రెల్లుపుల్ల. దాని కొనను చాకుతో ఏటవాలుగా చెక్కి, నడుమ సన్నని చీలిక చేయుదురు. కొన వెడల్పును బట్టి అక్షరపు లావు. సంప్రదాయపు సిరాకు దీపపు మసి, తుమ్మబంక, నీరు ప్రధానము. బంక మితిమీరినచో కలము సాగదు. చాలనిచో ఆరిన అక్షరము చేతికంటును. రాతి అచ్చునకు మాత్రము పూత పూసిన కాగితముపై జిడ్డుసిరాతో వ్రాసి, ఆ వ్రాతను రాతిమీదికి దింపెడివారు.

పెన్సిలు కథ వేరు. 16వ శతాబ్దమున ఇంగ్లండులోని బారోడేలు కొండలలో మెత్తని నల్లరాయి బయటపడెను. గొఱ్ఱెల కాపరులు మందపై గుర్తులు వేయుటకు దానిని వాడిరని చెప్పుదురు. తరువాత దానిని కడ్డీలుగా కోసి కొయ్యలో పొదిగిరి. సీసమువలె కనబడుటచే ఆ పేరే వచ్చెను. అది కర్బనమని స్వీడను రసాయనవేత్త షీలే 1779లో నిరూపించినను, తప్పుపేరు మాత్రము పోలేదు!

ఫ్రాన్సునకు ఇంగ్లండుతో యుద్ధము వచ్చి ఆ రాయి రాకపోయెను. అప్పుడు కోంటే అను నాతడు 1795లో నాసిరకపు గ్రాఫైటును పొడిచేసి, బంకమన్ను కలిపి, కడ్డీలుగా చేసి బట్టీలో కాల్చెను. మన్ను హెచ్చినకొలది కడ్డీ గట్టిపడును, గీత పలుచనగును. నేటి పెన్సిళ్లపై హెచ్, బి అను అక్షరములు తెలుపునది ఈ పాళ్ల భేదమునే. మేలిరాయి గల ఒక్క కొండపై ఆధారపడు అవస్థ దీనితో తొలగెను. 19వ శతాబ్దమున సింహళపు గ్రాఫైటు విరివిగా ఎగుమతి అయ్యెను. మన తూర్పు కనుమలలోను, ఖమ్మము ప్రాంతమునను ఈ ఖనిజము కలదు. అయితే పొడియొక్కటే చాలదు. చీలక చక్కగా చెక్కుటకు వచ్చు మెత్తని కొయ్యయు కావలెను.

1990 తరువాత కంప్యూటరులో ఉర్దూ లిపి స్థిరపడుటతో కాతిబుల జీవనము దెబ్బతిన్నది. ఛత్తాబజారులో అచ్చుపని నిలిచినది గాని, చేతివ్రాత కొద్దిమందికే మిగిలినది. రెల్లుకలమునకు అందని పెద్ద అక్షరములకు లేఖకులు పెన్సిలునే ఆశ్రయింతురు. రెండు పెన్సిళ్లను జతగా కట్టి వ్రాయుదురు. రెండు మొనల నడిమి దూరమే అప్పుడు కలపు కొన వెడల్పు. ఆ జంట గీతల నడుమ కుంచెతో రంగు నింపుదురు.