కఱవు చిత్రములు – కరుణ



ఈ సంవత్సరము మన సంఘము రైతుకుటుంబముల సహాయనిధికై యొక విజ్ఞాపనపత్రము నచ్చొత్తింపఁ దలపెట్టినది. దానిపై నే బొమ్మ యుండవలెనను చర్చ కార్యవర్గమున రెండుమార్లు జరిగియుఁ దెగలేదు. అప్పులపాలై ప్రాణము తీసికొనిన మన రైతు శవమును, దానిపైఁ బడి యేడ్చు భార్యను జూపు ఛాయాచిత్ర మొకటి చేతిఫోనులలో నూరూరఁ దిరిగినది గదా! దానినే వేయవలెనని యువకులు కొందఱి పట్టు. దానిఁ జూచినవాఁ డెవఁడును జేయి ముడుచుకొని యుండఁజాలఁడని వారి వాదము. అది తేలికగాఁ ద్రోసిపుచ్చఁదగినది కాదు. కావుననే మాకుఁ దోఁచిన నాలుగు మాటలు మనవి చేయుచున్నారము.

ఇట్టి చిత్రములు మన సీమకుఁ గ్రొత్తవి కావు. 1876–78 సంవత్సరములలో, మన పెద్దలు ధాత కఱవని చెప్పుకొనిన మహాక్షామము వచ్చినప్పుడు, ఈ కుందుర్పి బళ్లారి మండలములోనిది. అనంతపురము మండలము 1882లోఁ గాని యేర్పడలేదు. ఆ క్షామమున మిక్కిలి దెబ్బతిన్న మండలములలో బళ్లారి యొకటి. అప్పుడు మదరాసు అశ్వదళమునందలి విల్లోబీ వాలెస్ హూపరను నధికారి కఱవుబాధితుల ఛాయాచిత్రములు తీసెను. ఎముకలగూళ్లయిన తల్లులను, పిల్లలను, వృద్ధులను గుంపులుగాఁ గూర్చుండఁబెట్టి తీసిన పటములవి. చూచిన కన్ను నేఁటికిని చెమర్పక మానదు. లండను సచిత్రపత్రికలును 1877లోఁ గఱవు బొమ్మలు ప్రకటించినవి. ఆ యేడే లండను నగరాధ్యక్షుఁడు తెఱచిన నిధికి లక్షలకొలఁది పౌనులు చేరినవి. సముద్రముల కావలివారు మన యాఁకలిని నమ్ముటకు బొమ్మలు తోడ్పడినవనుటను మేము కాదనము.

అయిన నా పటములలోని మనుష్యులకుఁ బేరు లేదు, ఊరు లేదు. దేశమున నింత యాఁకలి యుండఁగనే ధాన్యము ఓడల కెక్కి విదేశములకుఁ బోవుచుండెనను సంగతి పటము చెప్పఁజాలదు. కఱవుపనులలోని కూలివానికి దినమునకు నొక పౌను ధాన్యమును, గొంచెము డబ్బును జాలునని సర్ రిచర్డు టెంపులు నిర్ణయించిన సంగతియుఁ జెప్పఁజాలదు. పౌనన 450 గ్రాములు. దినమంతయు ఱాళ్లు కొట్టినవానికి! ఆ కూలి తక్కువ యని పోరాడినవాఁడు చిత్రకారుఁడు కాఁడు; మదరాసు సానిటరీ కమిషనరు డాక్టరు కార్నిషు. ఇంత పని చేయు దేహమున కింత తిండి కావలెనని యతఁడు లెక్క కట్టి వ్రాసెను. ఒకటిన్నర పౌను కావలెననెను. 1877లోనే మదరాసు ప్రభుత్వము ఒకటింబావు పౌనునకుఁ బెంచి కొంచెము పప్పును జేర్చెను. అడిగిన పెంపులో సగమే, అయినను నది యన్నము.

హూపరు కథ యంతటితో ముగియలేదు. 1886లో బర్మాలోని మాండలేలో, మరణదండితులను గాల్చు క్షణమునే పట్టవలెనని యంత్రము నిలిపెనను నభియోగము పార్లమెంటుదాఁకఁ బోయి విచారణ జరిగెను. అలవాటు పడిన కన్ను మఱి యేమి కోరునో!

మన లాక్షణికులు కరుణమునకు శోకమును, బీభత్సమునకు జుగుప్సను స్థాయిగాఁ జెప్పిరి. శోకము దగ్గఱకుఁ జేర్చును. జుగుప్స మొగము త్రిప్పించును. మొదటి బొమ్మకుఁ గన్నీరు పెట్టినవాఁడే పదవ బొమ్మను వ్రేలితోఁ బైకిఁ ద్రోసివేయుచున్నాఁడు. మా మనుమలయందు నిత్యము చూచుచున్నదే యిది.

ఇఁక మన పత్రము మాట. ఆ తల్లి బ్రతికియున్నది. పిల్లలు బడికిఁ బోవుచున్నారు. తండ్రి శవము నచ్చొత్తిన కాగితము వారి తోడిపిల్లల చేతులకుఁ జేరకుండునా? ఆ బొమ్మ వేయుటకు ఆమె ననుమతి యడిగినవా రెవరు? లోకమునకుఁ దెలియవలసినది వేఱు: ఆయన యెన్ని బోర్లు వేయించెను, ఎన్నింట నీరు పడలేదు, వేరుసెనగ విత్తనమున కెంత యయ్యెను, కాయ కెంత వచ్చెను, బ్యాంకు అప్పెంత, వడ్డీవ్యాపారి అప్పెంత. ఈ లెక్క చదివినవాఁడు దాతయే కాదు, ప్రశ్నించువాఁడు కూడ నగును.

కావునఁ గార్యవర్గమునకు మా విన్నపము. బొమ్మ మానుఁడు. యువకులు పుస్తకము చేతఁ బట్టుకొని ఆ యింటికిని, అట్టి తక్కిన యిండ్లకును బోయి, అడిగి, వ్రాసికొని రండు. ఆమె పేరు వేయుమన్న వేయుఁడు, వలదన్న మానుఁడు. లెక్కలు సరిచూచి కూర్చుటకు మేము కూర్చుండెదము. మాకుఁ జూపు మందగించినది. అంకెలు కొంచెము పెద్దవిగా వ్రాసి తెండు.