మన సర్క్యులర్లలో వీడియోలు: సదుపాయం, జాగ్రత్త
(సంఘం వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



కంప్యూటరులో టైపు చేసే మన సర్క్యులర్లలో, వార్తాలేఖలో వీడియోలు చేర్చడం గురించి నాలుగు మాటలు చెప్పమని కార్యదర్శిగారు కోరారు. స్టెన్సిలు కొట్టి సైక్లోస్టైలు తీసిన మన చేతులకు కాగితంలో బొమ్మ కదలడం వింతగానే తోస్తుంది. కాని దాని అవసరం మనకు చాలా ఉంది.

జీవన ధ్రువపత్రం సంగతే తీసుకోండి. జీవన్ ప్రమాణ్ పద్ధతి 2014 నవంబరులో ప్రారంభమైంది. 2021 నవంబరులో ఫోను కెమెరాకు ముఖం చూపి పత్రం సమర్పించే సౌకర్యం కూడా వచ్చింది. వేలిముద్రలు అరిగిపోయినవారికి, మంచం దిగలేనివారికి ఇది గొప్ప ఊరట. ఆ పద్ధతిని రెండు పేజీలు రాసినా బోధపడనివారికి రెండు నిమిషాల వీడియో చూపితే బోధపడుతుంది. సకాలంలో ఆ పత్రం అందకపోతే పింఛను ఆగుతుంది. కాబట్టి ఇది కాలక్షేపం వ్యవహారం కాదు.

చేర్చే విధానం సులువే. వర్డ్ 2013 నుండి ఈ సదుపాయం ఉంది. ముందుగా యూట్యూబులో వీడియో తెరిచి, 'షేర్' నొక్కి, దాని లింకును కాపీ చేసుకోవాలి. తరువాత వర్డ్‌లో వీడియో రావలసిన చోట కర్సరు ఉంచి, 'ఇన్సర్ట్'లో 'ఆన్‌లైన్ వీడియో' ఎంచుకొని, ఆ లింకును అతికించాలి. పేజీ మీద ఒక బొమ్మ, దాని మధ్య త్రికోణపు గుర్తు వస్తాయి. గుర్తు నొక్కితే వీడియో ఆడుతుంది. పాత 'డాక్' తరహా ఫైలులో ఆ బటను పనిచేయకపోతే, ఫైలును కొత్త 'డాక్ఎక్స్' తరహాలోకి మార్చుకోవాలి.

మిత్రులారా, అసలు సంగతి ఇక్కడే ఉంది. ఆ వీడియో మన ఫైలులోకి రాలేదు. వచ్చినవి ఒక బొమ్మ, ఒక చిరునామా మాత్రమే. మన ఆఫీసు భాషలో చెప్పాలంటే అది జతపరచిన కాగితం కాదు, ఒట్టి రిఫరెన్సు. 'ఫలానా నెంబరు లేఖ చూడుడు' అని రాసి, ఆ లేఖ రికార్డు రూములో దొరక్కపోతే మన ఫైళ్ల గతి ఏమయ్యేదో మీకందరికీ అనుభవమే. వీడియో పెట్టినవారు దాన్ని తీసేసినా, ఇంట్లో ఇంటర్నెట్టు లేకపోయినా మిగిలేది బొమ్మే. అచ్చులోనూ అంతే. పోస్టులో పత్రిక అందుకునే మన పెద్దలు ఆ త్రికోణాన్ని ఎంత నొక్కినా ప్రయోజనం ఉండదు.

అందువల్ల కార్యవర్గానికి నా మనవి. వీడియో చేర్చిన ప్రతిచోటా దాని పేరు, పెట్టిన సంస్థ పేరు, తేదీ, నిడివి రాయాలి. అందులోని మెట్లను వరుస సంఖ్యలతో పది పంక్తులలో తెలుగులో ఇవ్వాలి. వీడియో పోయినా పని ఆగకూడదు. అచ్చు ప్రతిలో క్యూఆర్ కోడ్ కూడా వేస్తే ఫోను ఉన్నవారు కెమెరాతో చూసి వీడియో తెరుచుకుంటారు. జపానులో 1994లో కార్ల విడిభాగాల లెక్క కోసం పుట్టిన ఆ గళ్ల చదరం ఇప్పుడు మన పింఛను పనికీ అక్కరకొస్తుంది.

ఇక జాగ్రత్త. బొమ్మ ఒకటి, దాని వెనుక చిరునామా మరొకటి కావచ్చు. వర్డ్ ఫైలులో వీడియో బొమ్మ వెనుక ఉండే కోడును మార్చి, నొక్కినవారిని మోసగించవచ్చని 2018లో కంప్యూటరు భద్రతా పరిశోధకులు చూపించారు. తెలియనివారు పంపిన ఫైలు తెరిచినప్పుడు పైన పసుపు పట్టీ కనిపిస్తే, 'ఎనేబుల్ ఎడిటింగ్' నొక్కకండి. అందులోని వీడియో పేరు చూసుకొని, యూట్యూబులో మీరే వెతుక్కోండి. వీడియో చూడడానికి ఆధార్ నెంబరుగాని, ఓటీపీగాని అవసరం లేదు. అడిగారంటే అది మోసమే. పొరపాటున డబ్బు పోతే సిగ్గుపడి దాచుకోక, వెంటనే 1930కి ఫోను చేయండి. ఎంత త్వరగా చెబితే డబ్బును నిలిపే అవకాశం అంత ఎక్కువ.

సభలో ఉన్న యువతీయువకులకు ఒక్క మాట. తాతగారి ఫోను తీసుకొని పని మీరే ముగించి ఇవ్వకండి. పక్కన కూర్చొని ఆయన చేతనే చేయించండి. వచ్చే ఏడు మీరు ఊళ్లో లేకపోయినా ఆయన పింఛను ఆగదు.