అంకె వేరు, విలువ వేరు
(ప్రసంగ పాఠము)



ఆంధ్రదేశము నుండి బదిలీపై కలకత్తాకు క్రొత్తగా వచ్చిన ఉద్యోగి యొకడు, కాపురము పెట్టిన మొదటి వారముననే సంచి చేతబట్టుకొని గరియాహాట్ బజారునకు పోయెననుకొనుడు. అచ్చట వంకాయల రాశిపై నిలిపిన అట్టముక్క మీద కిలో ధర బెంగాలీ అంకెలలో వ్రాసియుండును. బెంగాలీ నాలుగు చూచుటకు ఇంగ్లీషు ఎనిమిది వలె నుండును. బెంగాలీ ఏడు ఇంగ్లీషు తొమ్మిదిని పోలియుండును. నలుబది రూపాయలను ఎనుబది యని చదువుకొని ఆయన బేరమైన ఆడకుండ వెనుదిరుగును. ఇరుగుపొరుగువారు చెప్పిన పిదప గాని అసలు సంగతి తెలియదు.

ఇందు అంగడివాని మోసము లేదు. కొనువాని చూపునకు లోపమును లేదు. అట్టముక్కపై నున్నది ఒక గుర్తు. కొనువానికి కావలసినది ఒక విలువ. గుర్తును విలువగా మార్చు నియమము ఒక్కొక్క లిపికి ఒక్కొక్కటి. ఆ నియమము తెలియనివానికి గుర్తు కనబడును గాని విలువ దొరకదు. బాల్యమున పలకపై దిద్ది నేర్చిన అంకెల విషయమున ఈ మార్పు ఎంతో వేగముగా జరుగును గనుక, అట్టి మార్పు ఒకటి జరుగుచున్నదని కూడ ఎవరికిని తోచదు. కంప్యూటరుకు మాత్రము పలకపై దిద్దిన బాల్యము లేదు. అంకె గుర్తును పూర్ణాంకముగా మార్చు దారిని దానికి ఎవరో ఒకరు వ్రాసి యీయవలసినదే. ప్రోగ్రాములు వ్రాయ నేర్చుకొనువారికి తొలిదినములలో వచ్చు పాఠములలో ఇది యొకటి. పాఠము చిన్నదే గాని, జీతపు బిల్లు మొదలు పింఛను కాగితము వరకు అన్నియు దీనిపైననే నిలిచియున్నవి.

ఈ పాఠమునకు కలకత్తా నగరముతో దగ్గర సంబంధము కలదు. ప్రశాంతచంద్ర మహలనోబిస్ గారు 1931లో స్థాపించిన భారత గణాంకశాస్త్ర సంస్థ ఈ నగరముననే పుట్టెను. ఆంధ్ర విశ్వవిద్యాలయమున గణితము చదివిన తెలుగు యువకులు కల్యంపూడి రాధాకృష్ణరావు గారు ఉద్యోగము కొరకు ఇచ్చటికి వచ్చి, 1941లో ఆ సంస్థలో చేరి, 1945లో కలకత్తా గణితసంఘ పత్రికలో ప్రకటించిన వ్యాసముచే ప్రపంచ ఖ్యాతి గాంచిరి. వారు 2023లో తమ నూట మూడవ యేట దివంగతులైరి. 1950లో జాతీయ నమూనా పరిశీలన ఆరంభము కాగా, దేశము నలుమూలల గ్రామముల నుండి కుటుంబముల ఖర్చుల లెక్కలు కాగితములపై వ్రాయబడి ఈ సంస్థకు చేరుచుండెను. ఆ కాగితములపై నున్నవి గుర్తులు. దేశమునకు కావలసినవి విలువలు.

ఆ మార్పునకు నాడు సాధనమైనది రంధ్రముల కార్డు. అట్టతో చేసిన ఆ కార్డునందు ఎనుబది నిలువు గడులును, పండ్రెండు అడ్డు వరుసలును ఉండెడివి. అందు పది వరుసలు సున్న నుండి తొమ్మిది వరకు గల అంకెలకు కేటాయింపబడినవి. ఏడు అను అంకెను నమోదు చేయుటకు ఏడవ వరుసలో ఒక రంధ్రము పొడిచిన చాలును. కార్డు యంత్రములో సాగుచుండగా రంధ్రము తగిలిన క్షణమున లెక్క చక్రము తిరుగ నారంభించి, సున్న వరుస వచ్చువరకు తిరిగి ఆగును. ఏడవ వరుసలో రంధ్రమున్నచో ఏడు పండ్లు, మూడవ వరుసలో నున్నచో మూడు పండ్లు తిరుగును. అనగా సున్న నుండి రంధ్రమునకు గల దూరమే ఆ అంకె విలువ. ఈ మాటను జ్ఞాపకముంచుకొన్నచో మిగిలిన పాఠమంతయు సులభము.

1955లో ఇంగ్లండు నుండి హెచ్.ఇ.సి.-2ఎం అను యంత్రము ఈ సంస్థకు వచ్చెను. భారతదేశమున నెలకొన్న మొదటి డిజిటల్ కంప్యూటరుగా దానిని చెప్పుదురు. 1966లో ఈ సంస్థయు జాదవ్‌పూర్ విశ్వవిద్యాలయమును కలిసి నిర్మించిన ఐ.ఎస్.ఐ.జె.యు.-1 పనిచేయ నారంభించెను. ఇట్టి యంత్రములలో పండ్ల చక్రములు లేవు. ఉన్నది, లేదు అను రెండు స్థితులతోనే సమస్త సంఖ్యలను అవి భావించును. కావున మనుష్యుడు వ్రాసిన అంకెను యంత్రము గ్రహించు సంఖ్యగా మార్చు పని చక్రము నుండి ప్రోగ్రామునకు సంక్రమించెను.

ఆ పని జరుగు విధమిది. కంప్యూటరులో ప్రతి గుర్తునకును, అది అక్షరమైనను అంకెయైనను విరామచిహ్నమైనను, ఒక సంకేత సంఖ్య యుండును. 1963లో అమెరికాలో ఏర్పడి లోకమంతట వ్యాపించిన ఆస్కీ అను పట్టికలో సున్న గుర్తునకు 48, ఒకటికి 49, ఇట్లు వరుసగా తొమ్మిదికి 57 సంకేతములు. 1964లో ఐ.బి.ఎం. సంస్థ వెలువరించిన 360 తరగతి యంత్రముల పట్టికలో సున్నకు 240, తొమ్మిదికి 249. మీటల పలకపై ఏడు నొక్కినపుడు యంత్రమునకు అందునది ఏడు కాదు. ఆస్కీ పద్ధతిలో 55 అందును. 55 నుండి సున్న సంకేతమగు 48ని తీసివేసినచో 7 వచ్చును. రెండవ పట్టికలో 247 నుండి 240 తీసివేసినను 7 వచ్చును. కార్డుపై రంధ్రమునకు చెప్పిన మాటయే ఇచ్చటను చెల్లినది: సున్న నుండి గల దూరమే విలువ. అందుచేతనే అనుభవజ్ఞులు ప్రోగ్రాములో 48 అను సంఖ్యను వ్రాయక, సున్న గుర్తునే వ్రాసి దానిని తీసివేయుదురు. పట్టిక మారినను లెక్క మారదు. సి అను ప్రోగ్రాము భాష యొక్క ప్రమాణము, సున్న నుండి తొమ్మిది వరకు సంకేతములు ఎడము లేక వరుసగా నుండవలెనని శాసించినది. అక్షరముల విషయమున అట్టి హామీ లేదు, ఐ.బి.ఎం. పట్టికలో ఇంగ్లీషు 'ఐ' అక్షరమునకు 201, తరువాతి 'జె' అక్షరమునకు 209.

సంగీతము నేర్చిన తెలుగు ఇండ్లవారికి ఈ ఉపాయము క్రొత్త కాదు. మేళకర్త రాగముల సంఖ్యను తెలియుటకు కటపయాది సూత్రమును వాడుదురు గదా. అందు కకారము ఒకటి, ఖకారము రెండు, గకారము మూడు. ఇట్లే టకారము, పకారము, యకారముల నుండియు ఒకటి మొదలుకొని లెక్క. ధీరశంకరాభరణములో 'ధీ' తొమ్మిది, 'ర' రెండు. వెనుకనుండి చదివిన 29. మేచకల్యాణిలో 'మే' ఐదు, 'చ' ఆరు. అది 65వ మేళము. అక్షరము తన వరుసలో ఎన్నవదో అదియే దాని విలువ. వీణ ముందు కూర్చుండి మేళసంఖ్య చెప్పు బాలికయు, తెర ముందు కూర్చుండి ప్రోగ్రాము వ్రాయు యువకుడును చేయుచున్న పని ఒక్కటియే.

ఒక్క అంకె మారినంత మాత్రమున సంఖ్య పూర్తి కాదు. 1966 అను నాలుగు గుర్తులు ఒకదాని వెంట ఒకటి వచ్చునపుడు ప్రోగ్రాము మొదట సున్నతో నారంభించును. క్రొత్త అంకె వచ్చినపుడెల్ల చేతిలో నున్న మొత్తమును పదిచే హెచ్చించి, ఆ అంకె విలువను కలుపును. మొదట 1, పదిచే హెచ్చించి తొమ్మిదిని కలుపగా 19, తరువాత 196, తుదకు 1966. భారతదేశము లోకమునకు ఒసగిన స్థానవిలువ సూత్రమే ఇచ్చట యంత్రముచే నడిపింపబడుచున్నది.

ఈ చిన్న పనిని మరచినచో వచ్చు చిక్కులు విచిత్రములు. ఐదు గుర్తును, మూడు గుర్తును విలువలుగా మార్చక కూడుమన్నచో, కొన్ని ప్రోగ్రాము భాషలలో 53కు 51 కలిసి 104 వచ్చును. మరికొన్నింటిలో రెండు గుర్తులును ప్రక్కప్రక్కన అతుకుకొని 53 యగును. ఎనిమిది మాత్రము రాదు. ముప్పదిమంది పేర్లుగల సీనియారిటీ జాబితాను, వరుస సంఖ్యలను గుర్తులుగానే యుంచి అమర్చినచో, ఒకటి తరువాత పది, పదునొకటి, ఇట్లు పందొమ్మిది వరకు వచ్చిన పిదప గాని రెండు రాదు. రెండవ స్థానమునకు అర్హుడైనవాడు పండ్రెండవ స్థానమున కూర్చుండును. యంత్రమునకు ఇందు పక్షపాతము లేదు. నిఘంటువులో మాటలను అమర్చినట్లు అది గుర్తులను అమర్చినది. కాని ప్రమోషను కొరకు ఎదురుచూచు వానికి ఆ భేదము చిన్నది కాదు.

తీసివేయుటకు ముందు, వచ్చిన గుర్తు నిజముగా అంకెయే యని పరీక్షించుట మరియొక ధర్మము. సున్నకు బదులు ఇంగ్లీషు 'ఓ' అక్షరము నొక్కినచో దాని సంకేతము 79. అందు 48 పోగా 31 మిగులును. తెలుగులో ఈ ప్రమాదము మరింత దగ్గరగా నున్నది. తెలుగు అంకె సున్నయు, అనుస్వారమును చూపునకు ఇంచుమించు ఒక్కటియే. వాడుకలో రెండింటిని సున్న యనియే పిలుతురు. 1991 నుండి వెలువడుచున్న యూనికోడ్ పట్టికలో తెలుగు అంకె సున్నకు 3174, అనుస్వారమునకు 3074. ఒకదానికి బదులు మరియొకటి పడినచో లెక్కలో సున్న రావలసినచోట నూరు ఋణముగా వచ్చును! కంటికి ఒక్కటిగా తోచునవి యంత్రమునకు ఒక్కటి కావు.

ఆ పట్టికయందే ౦ నుండి ౯ వరకు గల తెలుగు అంకెలు 3174 నుండి 3183 వరకును, బెంగాలీ అంకెలు 2534 నుండి 2543 వరకును చోటు పొందినవి. ౭ సంకేతము 3181. దాని సున్నను తీసివేసిన 7. బెంగాలీ ఏడు సంకేతము 2541. దాని సున్నను తీసివేసిన 7. బజారులో మనుష్యుని తికమకపెట్టిన అంకె యంత్రమును తికమకపెట్టజాలదు, ఏ లిపికి ఆ లిపి సున్నను తీసివేయు మర్యాద పాటించినచో. ఒక ప్రోగ్రాము ౭ను అంకెయని అంగీకరించి, అలవాటు చొప్పున 48ని తీసివేసినచో ఏడు రూపాయలు 3133 రూపాయలగును. అంకె కాదని త్రోసిపుచ్చినచో, మాతృభాషలో వ్రాసిన వృద్ధుని దరఖాస్తు త్రిప్పి పంపబడును. రెండును అన్యాయములే. మొదటి దానికి జాగ్రత్త చాలును. రెండవ దానికి కొంచెము ఆదరము కూడ కావలెను.

రాజ్యాంగము 343వ అధికరణము, కేంద్ర ప్రభుత్వ అధికార వ్యవహారములలో భారతీయ అంకెల అంతర్జాతీయ రూపమును వాడవలెనని చెప్పుచున్నది. ఇంగ్లీషు అంకెలని లోకులు పిలుచు ఆ పది గుర్తుల పుట్టిల్లు ఈ దేశమే యని ఆ మాటలోనే స్పష్టముగా నున్నది. కార్యాలయమున ఆ రూపము చాలును. కాని ఇంటిలోని పంచాంగము, పాత పుస్తకముల పుటలు, పెద్దల చేతివ్రాత పద్దులు తెలుగు అంకెలతో నిండియున్నవి. వానిని యంత్రములోనికి ఎక్కించు నేటి యువతీయువకులు ఆ పది గుర్తులను కూడ తమ ప్రోగ్రాములకు నేర్పుట వంశమునకు చేయు సేవ.

చివరగా చెప్పవలసినది, అంకెలతో వ్రాసినదంతయు సంఖ్య కాదనుట. కలకత్తా టెలిఫోను సంకేతము 033. దానిని పూర్ణాంకముగా మార్చినచో ముందున్న సున్న రాలిపోయి 33 మిగులును. 1972లో వచ్చిన పిన్ కోడు అంకెలతో నున్నను, రెండు పిన్ కోడులను ఎవరును కూడరు. ముప్పదిరెండు ద్విసంఖ్యా స్థానముల పూర్ణాంకమునకు గరిష్ఠమైన హద్దు 2147483647. తొమ్మిదితో మొదలగు పది అంకెల మొబైలు సంఖ్య అందు పట్టక వేరొక సంఖ్యగా మారవచ్చును. ఉద్యోగి సంఖ్య, ఖాతా సంఖ్య, ఇంటి సంఖ్య ఇవన్నియు అంకెల వేషము వేసికొన్న పేర్లు. పేరును పేరుగనే ఉంచవలెను. ధరను, జీతమును, వయస్సును విలువగా మార్చవలెను.

ఏది పేరో, ఏది విలువయో యంత్రము చెప్పజాలదు; అది తీసివేత మాత్రమే చేయును. ఆ కాగితము వెనుక నున్న మనుష్యుని ఎరిగి, దేనినుండి దేనిని తీసివేయవలెనో నిర్ణయించువాడు ప్రోగ్రాము వ్రాయువాడు. ఈ సంఘమునందలి కుటుంబములలో అట్టి వృత్తికి పోవు పిల్లలు ఎందరో కలరు. కార్యాలయముల పద్దులలో ఒక సున్న స్థానము తప్పిన ఒక కుటుంబము నెలంతయు ఎట్లుండునో తమ పెద్దల వలన విన్న పిల్లలు వారు. ఆ జ్ఞాపకముతో వ్రాసిన ప్రోగ్రాములో పొరపాటు తక్కువగా నుండును.

స్వస్తి.