మన గల్లీ, మన తండా, మన కెమెరా
(ఆర్మూర్‌లో గిరిజన యువత సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



సినిమా అంటే హైదరాబాద్, పెద్ద హీరో, కోట్ల రూపాయలు అని అనుకుంటాం. 2018 సెప్టెంబర్ 7న విడుదలైన 'కేరాఫ్ కంచరపాలెం' చూసినంక నా ఆలోచన మారింది. దర్శకుడు వెంకటేష్ మహాకు అదే మొదటి సినిమా. విశాఖపట్నంలోని ఒక పేట కథ. తెర మీద కనిపించేవాళ్లలో చాలామంది ఆ పేటవాళ్లే, అంతకు ముందు నటన తెలియనివాళ్లే. కథానాయకుడు రాజు ఒక ఆఫీసులో అటెండర్. యాభైకి దగ్గరపడ్డా పెళ్లి కాలేదు. ఆయన పెళ్లి ముచ్చట ఊరందరికీ కావాలి! మనం నవ్వుతూనే ఉంటాం. అంతలో కులం, మతం మనుషులను ఎట్లా విడదీస్తాయో కండ్ల ముందు కనిపిస్తుంది. ఆ పేట కథ న్యూయార్క్ ఇండియన్ ఫిల్మ్ ఫెస్టివల్ దాకా పోయింది.

2021లో వచ్చిన 'సినిమా బండి' కూడా చూడండి. ప్రవీణ్ కండ్రేగుల తీశాడు. ఆటోలో ఎవరో మరచిపోయిన కెమెరాతో ఒక డ్రైవర్ ఊరివాళ్లను పెట్టి సినిమా మొదలుపెడతాడు. అంతే కథ.

మరి మన ఆర్మూర్‌లో గమ్మత్తులు లేవా? సిద్ధులగుట్ట నల్లరాళ్లు ఉన్నాయి. అంకాపూర్ నాటుకోడి కోసం దారి మళ్లించుకొని వచ్చేవాళ్లు ఉన్నారు. 2019 లోక్‌సభ ఎన్నికల్లో పసుపు బోర్డు కోసం, గిట్టుబాటు ధర కోసం 170 మందికి పైగా రైతులు నిజామాబాద్‌లో పోటీకి దిగారు. మొత్తం అభ్యర్థులు 185 మంది. ఒక్కో పోలింగ్ కేంద్రంలో ఓటింగ్ యంత్రాలను వరుసగా పేర్చాల్సి వచ్చింది. చివరికి 2025 జనవరి 14న జాతీయ పసుపు బోర్డు నిజామాబాద్ కేంద్రంగా మొదలైంది. ఇంతకన్నా మంచి సినిమా కథ ఉంటుందా?

కానీ ఒక్క ప్రశ్న. ఆ కథలో పసుపు తవ్వే కూలీ ఎక్కడ? కొమ్ము, మండ వేరు చేసే ఆడవాళ్లు ఎక్కడ? వాళ్లలో మన తండాల ఆడవాళ్లు ఎందరో. సినిమాల్లో మనం కనిపించేది ఎక్కువగా పాటలో, అద్దాల బట్టల్లోనే. పాట అయిపోగానే మనం మాయం.

ఆ తప్పు నేనూ చేశాను. ఫోన్‌లో మా యాడిని తీద్దామని పేటియా, కాంచళి కట్టుకొమ్మన్నాను. ఆమె పసుపు అంటిన చేతులు చూపించి, "ఇయ్యాల పండుగా? పనికి పోయొచ్చిన, ఇట్లనే తియ్యి" అన్నది. సిగ్గుపడ్డాను. మనల్ని బయటివాళ్లు చూసినట్టే నేనూ చూస్తున్నాను కదా అని. ఆమె అలాగే కూర్చొని, కూలి లెక్క తప్పు చెప్పిన మేస్త్రీని ఎట్లా నిలదీసిందో మా గోర్ బోలిలో చెప్పింది. ఇంటిల్లిపాదీ నవ్వాం. అదే నా మొదటి సినిమా. మా బోలికి సొంత లిపి లేదు, అందుకే ఆ గొంతు ఫోన్‌లో ఉండటం నాకు పెద్ద ఆస్తి.

తమ్ముళ్లారా, చెల్లెళ్లారా, మీ చేతిలోనూ ఫోన్ ఉంది. తీసేముందు ఆ మనిషిని అడగండి. ఫోన్ అడ్డంగా పట్టండి, గాలి హోరు లేనిచోట కూర్చోబెట్టండి. మన భాషలోనే మాట్లాడించండి, కింద తెలుగు అక్షరాలు వేయండి. పేరు, ఊరు, తేదీ రాసి దాచండి. తీసింది ముందు వాళ్లకే చూపించండి. వాళ్లు వద్దన్నది తీసేయండి. నవ్వించండి, కానీ మనవాళ్లను నవ్వులపాలు చేయకండి.

వచ్చే ఏడు మనం కలిసేసరికి తండాకొకటి, గూడెంకొకటి, ఐదు నిమిషాల సినిమా తీసుకురండి. అందరం కలిసి చూద్దాం. సెలవు. రాం రాం.