కెరాణీ, గీత కార్మికుడూ ఒకే మెట్టు మీద: మాస్కో పుస్తకం గురించి కొన్ని మాటలు

ఈ వారం ఎపిసోడ్‌లో మాట్లాడింది ఇక్కడ రాసి పెడుతున్నాం. తడబడిన చోట్ల సరిచేశాం, మిగతాది మాట్లాడింది మాట్లాడినట్టే ఉంది.

ఈసారి విషయం మాస్కో. రష్యా రాజధాని కాదండీ! మలేషియాలో జనం చేసే పనులన్నిటికీ ఒక్కో పేరు పెట్టి, ఒక్కో నంబరు వేసి, ఏది ఏ గుంపులోకి వస్తుందో చెప్పే ప్రభుత్వ పుస్తకం పేరు అది. మానవ వనరుల మంత్రిత్వ శాఖ వేస్తుంది. 1998, 2008, 2013, 2020... ఇలా కొన్నేళ్లకోసారి తిరగరాస్తూ వచ్చారు. జెనీవాలో ఉన్న అంతర్జాతీయ కార్మిక సంస్థ ఇస్కో అని ఒక పట్టిక తయారు చేసింది. మాస్కోకి మూలం అదే.

వినడానికి చప్పగా ఉందని నాకూ తెలుసు. కానీ ఒక్కసారి మీ ఇంట్లో పాత ఫారాలు తీసి చూడండి. 'పెకర్జాన్' అని ఒక గడి ఉంటుంది, అంటే వృత్తి. మన తాతలు, నాన్నలు, పిన్నమ్మలు అందులో ఏం రాశారు? పదిలో ఎనిమిది ఇళ్లలో ఒకటే మాట కనిపిస్తుంది. 'బురుహ్'. అంటే కూలి. ముప్పై ఏళ్లు రబ్బరు చెట్టు గీసినా కూలే, ట్రాక్టరు ఇంజను విప్పి బిగించినా కూలే, నర్సరీలో మొక్కలు పెంచినా కూలే.

ఈ అలవాటు మనం మొదలుపెట్టింది కాదు. విశాఖ నుంచి, శ్రీకాకుళం వైపు నుంచి, చిత్తూరు నుంచి మనవాళ్లు ఓడెక్కిన రోజుల్లో కాగితాల మీద ఉన్న మాట ఒక్కటే, కూలీ. పని పేరే కాదు, మనిషి పేరు విషయంలోనూ అంతే. 1907లో ఇక్కడి ప్రభుత్వం వలస కార్మికుల ఖర్చుల కోసం ఒక నిధి పెట్టింది. దాని పేరు 'తమిళ వలస నిధి'. ఆ ఓడల్లో మనవాళ్లూ ఉన్నారు, పేరులో మాత్రం లేరు. తర్వాత దాన్ని 'భారతీయ వలస నిధి' అన్నారనుకోండి. పట్టికలో మన గడి లేకపోతే పక్కవాడి గడిలో కలిపి లెక్కేస్తారు. అందుకే ఈ పట్టికల విషయం నాకు పట్టింపు.

సరే, అసలు సంగతికి వద్దాం. ఇస్కోలో పనులన్నీ పది పెద్ద గుంపులు. మేనేజర్లు 1, డాక్టర్లూ ఇంజనీర్లూ టీచర్లూ 2, టెక్నీషియన్లు 3, గుమాస్తాలు 4, అమ్మకాలూ సేవలూ 5, నైపుణ్యం ఉన్న వ్యవసాయ కార్మికులు 6, చేతిపనివాళ్లూ మెకానిక్కులూ 7, యంత్రాలు నడిపేవాళ్లు 8, సాదా పనులు 9. సైన్యానికి సున్నా. ఇవి కాక నైపుణ్యానికి నాలుగు మెట్లు. తొమ్మిదో గుంపు మొదటి మెట్టు. నాలుగు నుంచి ఎనిమిది దాకా ఉన్న గుంపులన్నీ రెండో మెట్టు.

దీన్ని తోటలోకి తెచ్చి చూడండి. ఆఫీసులో కూర్చుని చెక్‌రోల్ రాసే కెరాణి నాలుగో గుంపు. చెట్లు పెంచి వాటి పాలు తీసే పని ఆరో గుంపులో ఉంది, రబ్బరు చెట్టు పేరు అక్కడి నిర్వచనంలోనే కనిపిస్తుంది. అంటే ఇద్దరిదీ రెండో మెట్టే! తోటలో కెరాణిగారి ఇంటి ముందు మన తాతలు చెప్పులు విప్పి నిలబడేవారు. అదే ప్రపంచం వాడే పట్టికలో చూస్తే ఇద్దరూ ఒకే మెట్టు మీద ఉన్నారు. నేను ఇది మొదటిసారి చదివినప్పుడు ఆ పేజీ రెండుసార్లు చూశాను.

"ఆయన చదువుకున్నాడు, మనం చదువుకోలేదు కదా" అంటారు. ఇస్కో దానికీ జవాబు చెప్పింది. మెట్టు తేల్చేటప్పుడు బడి చదువు ఒక్కటే చూడరు. పని ఎలాంటిది, పనిలో ఎంత నేర్చుకోవాలి, ఎంత అనుభవం కావాలి అన్నవీ చూస్తారు.

గీత పని ఎలాంటిదో మన పిల్లలకు తెలీదు కాబట్టి కాస్త చెబుతాను. మన దేశంలో తాడిచెట్టు గీసేవాళ్లను గీత కార్మికులంటారు, అందుకే ఆ మాటే వాడుతున్నా. రబ్బరు పాలు ఉండే గొట్టాలు బెరడులో నిట్టనిలువుగా ఉండవు, కొంచెం వాలుగా పోతాయి. అందుకని గాటు ఎడమ పై నుంచి కుడి కిందికి, ముప్పై డిగ్రీల వాలులో రావాలి. అలా కోస్తే ఎక్కువ గొట్టాలు తెగుతాయి. ఒకసారికి తీసే బెరడు ఒకటిన్నర మిల్లీమీటరు మందం. లోపల పెరిగే పొర ఉంటుంది, దానికి ఒక మిల్లీమీటరు దూరంలో కత్తి ఆగాలి. ఆగకపోతే చెట్టుకు పుండు పడుతుంది, మళ్లీ వచ్చే బెరడు గడ్డలు కడుతుంది, కొన్నేళ్ల తర్వాత అక్కడ గీయడానికి చోటుండదు. ఇదంతా తెల్లారకముందే, తలకు కట్టిన దీపం వెలుతురులో, ఐదారు వందల చెట్లకు. దీన్ని సాదా పని అనగలిగిన మనిషి ఆ కత్తి పట్టుకుని ఉండడు.

మరి ఇన్నాళ్లూ దీనికి కాగితం ఎందుకు లేదు? నా అభిప్రాయం చెబుతాను, ఒప్పుకోకపోతే రాయండి. అదే తోటలో నూనె మిల్లు ఉందనుకోండి, అక్కడ బాయిలరు నడిపేవాడికి సర్టిఫికెట్ ఉండి తీరాలి. 1967 నాటి కర్మాగారాల, యంత్రాల చట్టం అలా చెప్పింది. ఎందుకంటే బాయిలరు పేలితే మనుషులు పోతారు, మిల్లు పోతుంది. గీతలో తప్పు జరిగితే చెట్టు మెల్లగా పాడవుతుంది, కార్మికుడి జీతం తగ్గుతుంది. ఆ నష్టం ఎవరికీ శబ్దం చేసి వినపడదు. శబ్దం వచ్చే చోటికే కాగితం ముందు వెళ్లింది.

ఇప్పుడు శిక్షణ సంగతి. పట్టికలో పేరుంటే సరిపోదు, ఆ పేరుకు ఒక కొలత ఉండాలి. మలేషియాలో ఆ కొలతను నాస్ అంటారు, జాతీయ వృత్తి నైపుణ్య ప్రమాణం అన్నమాట. ఒక పనిని ముక్కలు చేసి, ఏ ముక్క ఎలా చేస్తే వచ్చినట్టో అందులో రాస్తారు. ఆ కొలత ప్రకారం ఇచ్చేదే ఎస్‌కేఎం సర్టిఫికెట్, ఒకటి నుంచి మూడు లెవెళ్లు. నాలుగు, ఐదు లెవెళ్లు డిప్లొమాలు. 1989 నుంచి ఒక మండలి చూసిన ఈ పని, 2006లో చట్టం వచ్చాక నైపుణ్యాభివృద్ధి శాఖ, అంటే జేపీకే, చేతిలోకి వచ్చింది. మాస్కో రెండో మెట్టుకు సరిపోయే చదువుల్లో ఎస్‌కేఎం కూడా ఉంది. పట్టికకూ శిక్షణకూ ముడి అక్కడే పడింది.

బడికి వెళ్లి నేర్చుకోనివాళ్లకు కూడా ఒక దారుంది. పీపీటీ అంటారు. ఇది కంప్యూటర్లో బొమ్మలు చూపించే పీపీటీ కాదు, ఇంతకుముందు సంపాదించిన పనితనాన్ని గుర్తించడం. మీరు చేసిన పనిని నాస్‌లోని ముక్కలతో పోల్చుకుని, ఫొటోలు, ఉత్తరాలు, జీతం చీటీలు ఫైలుగా పెడితే, అధికారి వచ్చి చూసి తేలుస్తారు.

మా చిన్నాన్న అలా తెచ్చుకున్నాడు. తోట వర్క్‌షాపులో ఇరవై రెండేళ్లు లారీలు, ట్రాక్టర్లు బాగు చేశాడు. తోట ఇళ్ల స్థలాలకు అమ్ముడయ్యాక ఎక్కడికెళ్లినా "సిజిల్ ఉందా" అన్నారు. ఒక కంపెనీలో ఆయన విప్పి చూపించిన గేర్‌బాక్సును ఆయన ముందే మెచ్చుకుని, కాగితం లేదని హెల్పరు జీతమే ఇస్తామన్నారు. పీపీటీ ఫైలు తయారవడానికి ఏడు నెలలు పట్టింది. పనికోసం కాదు, రాతకోసం! కూతురు కూర్చుని మలయాలో టైపు చేసింది. తోట ఆఫీసే లేదు, ఉత్తరం ఇచ్చేదెవరు? పాత మేనేజరు ఇల్లు వెతుక్కుంటూ వెళ్లి సంతకం తెచ్చుకున్నాడు. ఇప్పుడు ఫోర్‌మన్‌గా ఉన్నాడు.

మా పిన్ని ముప్పై ఒక్క ఏళ్లు చెట్లు గీసింది. చిన్నాన్నది ఏడో గుంపు, పిన్నిది ఆరో గుంపు, మెట్టు ఒకటే. ఆవిడ దగ్గర ఏ కాగితమూ లేదు. తెచ్చుకోమని ఎవరూ చెప్పలేదు. ఆ ఇంట్లో ఫైలు ఒకటే తయారైంది, అది మగమనిషిది. ఈ మాట అంటే మావాళ్లకు కోపం వస్తుంది, రానివ్వండి.

భారతదేశంలో రబ్బరు రంగపు నైపుణ్య మండలి ఇదే పనికి 'లేటెక్స్ హార్వెస్ట్ టెక్నీషియన్' అని పేరు పెట్టింది. పిన్నికి చెబితే పకపకా నవ్వింది. "అంత పేరు పెట్టుకుంటే దోమలు కుట్టవా?" అంది. కానీ మర్నాడు ఫోన్ చేసి, ఆ పేరు ఇంకోసారి చెప్పించుకుంది.

పీపీటీలో నాకు కనిపించే లోటు ఒకటుంది. కాగితం లేనివాళ్ల కోసం పెట్టిన దారిలో మొదటి మెట్టే కాగితాలు. చేతిలో పనుండి రాత రానివాళ్లు గుమ్మం దగ్గరే ఆగిపోతారు. జేపీకే మార్చేదాకా ఆగకుండా మనం చేయగలిగింది ఉంది. 1955 నుంచి మనకు సంఘం ఉంది, శాఖలున్నాయి, టైపు చేయగల పిల్లలున్నారు. ఉగాది కార్యక్రమానికి కుర్చీలు వేసే చోటే నెలకొక ఆదివారం నాలుగు ల్యాప్‌టాప్‌లు పెడితే చాలు.

ఈలోపు ఒక చిన్న పని. ఈసారి ఏ ఫారమైనా నింపేటప్పుడు 'బురుహ్' అని రాయకండి. ఏ పని, ఏ యంత్రంతో, ఎన్నేళ్లు, అలా రాయండి. ఇంట్లో పెద్దవాళ్లుంటే వాళ్ల పని రోజు ఎలా గడిచేదో వాళ్ల నోటితోనే చెప్పించి ఫోన్‌లో రికార్డు చేయండి. కత్తులూ పనిముట్లూ ఉంటే ఫొటో తీయండి. అవి మాకూ పంపండి. వచ్చే ఎపిసోడ్‌లో బగన్ దాతొ కొబ్బరి తోటల్లో పనిచేసిన ఒక తాతయ్యతో మాట్లాడుతున్నాం, కాయ ఒలిచే పనికి ఏ నంబరు వేయాలో ఆయన్నే అడుగుదాం. ఉంటానండీ.